యూబా సిటీలో అమరవీరుడి కూతురు

శనివారం ఉదయం ఆరున్నరకే గుర్మీత్ దీదీ మా ఇంటి బెల్ కొట్టింది. మా రైలు మార్టినెజ్‌లో ఎనిమిదీ పదికి. శాన్ రామన్ నుంచి అక్కడికి కారులో అరగంట. “ఇంత పొద్దున్నే ఎందుకు దీదీ?” అన్నాను. “నిద్ర పట్టలేదు పద్మా. ఇంట్లో కూర్చుని గోడలు చూసేకంటే మీ ఇంట్లో కాఫీ తాగుదామని వచ్చాను” అంది. చేతిలో చిన్న సూట్‌కేసు, భుజాన గుడ్డ సంచి. ఆ సంచిని మాత్రం సోఫా మీద కూడా పెట్టలేదు, ఒళ్ళోనే పెట్టుకుంది.

గుర్మీత్ కౌర్ మా వీధి చివరింట్లో ఉంటుంది. నర్సుగా ముప్ఫై ఏళ్ళు పనిచేసి రిటైరైంది. నేను సాఫ్ట్‌వేర్ టెస్టింగ్ చేస్తాను. పొద్దున్నే ఇద్దరం కలిసి నడుస్తాం. మా మాటలు సగం హిందీ, సగం ఇంగ్లీషు. చదివేవాళ్ళ కోసం తెలుగులో రాస్తున్నాను. యూబా సిటీలో ఏటా నవంబరు మొదట్లో సిక్కుల పెద్ద ఊరేగింపు జరుగుతుంది. నగర కీర్తన్ అంటారు. పదేళ్ళుగా రమ్మంటూనే ఉంది, నేను వాయిదా వేస్తూనే ఉన్నాను. ఈసారి వాయిదా వెయ్యలేకపోవడానికి కారణం ఆ గుడ్డ సంచిలో ఉంది.

అందులో ఉన్నది ఒక ఫ్రేము కట్టిన బొమ్మ. కాషాయం తలపాగా, గుబురు గడ్డం, నడుముకి కత్తి. గుర్మీత్ తాతగారి అన్న బిషన్ సింగ్. మొదటి ప్రపంచ యుద్ధం మొదలైన ఏడాది, కాలిఫోర్నియా పొలాల్లో కూలి చేసుకుంటున్న పంజాబీలు చాలామంది పనులు వదిలేసి, తెల్లవాళ్ళ మీద తిరగబడాలని ఓడలెక్కి ఇండియాకి వెళ్ళారు. గదర్ ఉద్యమం అంటే అదే. బిషన్ సింగ్‌ని లాహోరు జైల్లో ఉరి తీశారు. జలంధర్ దగ్గర వాళ్ళ ఊళ్ళో ఆయన పేరున ఒక ద్వారం ఉంది, ఏటా ఒక ఉత్సవం ఉంది.

పోయిన నెల యూబా సిటీ గురుద్వారాలో పాత ఫోటోల ప్రదర్శన పెట్టారు. దానికి వెళ్ళొచ్చిన బంధువు ఒకాయన దీదీకి ఒక ఫోటో పంపాడు. పీచ్ తోటలో నిలబడ్డ కూలీలు, కింద పేర్లు. అందులో బిషన్ సింగ్ పేరు, తండ్రి పేరు, ఊరి పేరు మూడూ కలిశాయి. ఒక్కటే కలవలేదు. ఫోటో తీసేనాటికి ఆయన్ని ఉరి తీసి పదేళ్ళు దాటింది.

ఫోటో ఇచ్చినావిడ పేరు ఎలేనా సింగ్. దీదీ ఫోన్ చేస్తే ఆవిడ ఒకటే మాట అందట: “ఇది ఫోన్లో చెప్పేది కాదు తల్లీ. నాకు ఎనభై ఏడు. త్వరగా రా.”

మా అమ్మాయి అన్విత స్టేషన్‌కి డ్రైవ్ చేసింది. ఇక్కడే పుట్టి పెరిగిన పిల్ల, పదిహేడేళ్ళు. “ట్రైన్‌లోనా? సీరియస్‌లీ? కార్ ఉంది కదా అమ్మా!” అని దారంతా నవ్వింది. ఊరేగింపు రోజున కారు పెట్టుకోవడానికి చోటు దొరకదని ఎంత చెప్పినా నమ్మలేదు. దిగేటప్పుడు మాత్రం, “గుర్మీత్ ఆంటీ, మా అమ్మని క్రౌడ్‌లో లాస్ట్ చెయ్యకు, ఓకే?” అంది.

రైలు సరిగ్గా టైముకే వచ్చింది. మార్టినెజ్ దాటగానే పెద్ద వంతెన. వెళ్ళేవాళ్ళు ఎడమవైపు కూర్చుంటే నీళ్ళు బాగా కనిపిస్తాయి. తర్వాత తడి నేలలు, తెల్ల కొంగలు, డేవిస్ దగ్గర పొలాలు. నేను తెచ్చిన పులిహోర డబ్బా మూత తీశాను. దీదీ రెండు ముద్దలు తిని, “పద్మా, ఆ ఎలేనా ఎవరో మోసగత్తె అయితే?” అంది. ఐదు నిమిషాలాగి, “కాకపోతే?” అంది. ఈ రెండో ప్రశ్నకే ఆమె ఎక్కువ భయపడుతోందని నాకనిపించింది. నాకు మాత్రం చిన్నప్పుడు స్కూలు ఎక్స్‌కర్షన్‌కి వెళ్ళినంత సంబరంగా ఉంది.

తొమ్మిదింపావుకి శాక్రమెంటో. స్టేషన్ బయటే రైలు టికెట్టు మీద ఎక్కే కనెక్టింగ్ బస్సు ఉంటుంది, విడిగా టికెట్టు అక్కర్లేదు. తొమ్మిదీ యాభైకి బయల్దేరింది. సగం బస్సు తలపాగాలు, చున్నీలే. ముందు సీట్లో ట్రక్కు నడిపే పెద్దాయన, ఫ్రెస్నో నుంచి వస్తున్నాడు. నా ఒళ్ళో డబ్బా చూసి, “యూబా సిటీకి తిండి తీసుకెళ్తున్నావా బేటీ? సముద్రానికి నీళ్ళు మోస్తున్నట్టుంది” అని పకపకా నవ్వాడు. దీదీ ముఖంలో ఆ పొద్దున్న మొదటిసారి నవ్వు చూశాను.

పదకొండుకి మేరీస్‌విల్‌లో దిగాం. నది ఇవతల మేరీస్‌విల్, అవతల యూబా సిటీ. మోటెల్ రూము ఎవరో క్యాన్సిల్ చేసుకుంటే దొరికింది. ఈ పండగకి వెళ్ళాలనుకునేవాళ్ళు ఆగస్టులోనే బుక్ చేసుకోవాలి. తీరా అక్కడ పడుకునే యోగం మాకు లేదు. స్టేషన్ దగ్గర పాత పికప్ ట్రక్కు పక్కన, జీన్స్ ప్యాంటు, ఎర్ర స్వెట్టరు, నెత్తిన నీలం చున్నీతో ఒక ముసలావిడ చేతికర్ర పట్టుకుని నిలబడి ఉంది. దీదీని చూసి, “ఆ ముక్కు మా నాన్నదే” అంది ఇంగ్లీషులో. “మోటెల్ క్యాన్సిల్ చెయ్యండి. సింగ్ ఇంటికొచ్చి మోటెల్లో ఉంటారా?”

ఎనభై ఏడేళ్ళ మనిషి ట్రక్కు నడుపుతుంటే నేను సీటు బెల్టు రెండుసార్లు చూసుకున్నాను. రోడ్డుకి రెండు పక్కలా వాల్‌నట్ తోటలు, ప్రూన్ తోటలు. మధ్యలో ఆవిడ ఇల్లు, చుట్టూ పీచ్ చెట్లు. హాల్లో మేరీమాత బొమ్మ, ఆ పక్కనే గురునానక్ పటం. రెంటికీ ఒకే దండ.

“అమ్మ మెక్సికన్. చర్చికి వెళ్ళేది. నాన్న సిక్కు. ఏడాదికోసారి మమ్మల్నందర్నీ స్టాక్‌టన్ గురుద్వారాకి తీసుకెళ్ళేవాడు. అప్పట్లో ఇక్కడికి పంజాబీ ఆడవాళ్ళని రప్పించుకోవడానికి చట్టం ఒప్పుకునేది కాదు. తెల్లవాళ్ళని చేసుకోవడానికీ ఒప్పుకునేది కాదు. అందుకని నాన్నలాంటి వాళ్ళు చాలామంది మెక్సికన్ అమ్మాయిల్ని పెళ్ళి చేసుకున్నారు” అంది ఎలేనా, రొట్టెలు వత్తుతూ. ఆ రొట్టె అచ్చం మన చపాతీ. దాంట్లో పెట్టిన కోడికూరలో పసుపు, ధనియాలు, మెక్సికన్ మిరపకాయలు. ఆవిడకి పంజాబీలో వచ్చినవి నాలుగైదు మాటలే. రోటీ, ‘రా’ అనడానికి ఆజా, ‘చాలు’ అనడానికి బస్, ‘బిడ్డా’ అనడానికి పుత్తర్.

“భూమి కొనే హక్కూ నాన్నకి లేదు. ఇక్కడ పుట్టిన పిల్లల పేర రాయించుకునేవాళ్ళు. ఆరేళ్ళకే నేను ఇరవై ఎకరాల ఆసామిని. స్కూల్లో గర్వంగా చెప్పుకుంటే టీచరు నాకు అబద్ధాలాడతానని పేరు పెట్టింది” అని నవ్వింది.

భోజనమయ్యాక దీదీ గుడ్డ సంచి విప్పి, పటం బల్ల మీద పెట్టింది. ఎలేనా కళ్ళజోడు పెట్టుకుని చాలాసేపు చూసింది. తర్వాత బీరువాలోంచి తన ఫోటో తెచ్చి పక్కన పెట్టింది. నెత్తిన టోపీ, గడ్డం లేని మొహం, ఎండకి కళ్ళు చికిలించిన రైతు. రెండు మొహాలకీ ముక్కు తప్ప పోలిక లేదు.

“మీ పటం మనిషిని చూసి గీసింది కాదు. ఎవరో ఊహించి గీశారు. అవునా?” అంది.

“అవును. ఊళ్ళో ఆయన ఫోటో లేదు” అంది దీదీ. “మరి లాహోరులో ఉరి తీసింది ఎవర్ని?”

ఎలేనా కర్ర పక్కన పెట్టి కూర్చుంది. చెప్పింది ఇది.

బిషన్ సింగ్ కూడా బయల్దేరినవాడే. ఓడ టికెట్టు ఆయన పేరున కొన్నారు. ఇంకో వారంలో ప్రయాణమనగా పీచ్ కాయలు కోస్తూ నిచ్చెన మీంచి పడి కాలు విరగ్గొట్టుకున్నాడు. ఆయనతో ఒకే కొట్టంలో పడుకునే కూలీ మెహర్ సింగ్. తల్లీతండ్రీ లేరు, పెళ్ళి లేదు, టికెట్టుకి డబ్బూ లేదు. “నీ టికెట్టు వృథా ఎందుకు అన్నా, నాకియ్యి. నీ పేరుతో నేను వెళ్తాను” అన్నాడు. కాలు బాగవగానే తర్వాతి ఓడలో వస్తానని బిషన్ సింగ్ మాటిచ్చాడు. ఆ తర్వాతి ఓడ ఎక్కేలోపు పత్రికలో వార్త వచ్చింది, ఉరి తీసిన వాళ్ళలో బిషన్ సింగ్ అని. మెహర్ చివరిదాకా తన అసలు పేరు పోలీసులకి చెప్పలేదు. చెబితే కాలిఫోర్నియాలో ఉన్న అసలు బిషన్ సింగ్‌ని వెతుకుతారని.

“నాన్న ఇంటికి జాబు రాయలేకపోయాడు. చచ్చిపోయినవాడు జాబెలా రాస్తాడు? అక్కడ వాళ్ళమ్మ కర్మకాండలు కూడా చేయించేసింది. రాస్తే పోలీసులు మీ ఇంటి మీద పడతారని భయం. ఇండియాకి స్వతంత్రం వచ్చాక, ఇప్పుడు రాయి నాన్నా అని నేనే అడిగాను. అప్పటికే మీ ఊళ్ళో ఆయన పేరున ఉత్సవం జరుగుతోందని ఎవరో చెప్పారట. ‘నేను బతికున్నానంటే మెహర్ ఏమైపోతాడు?’ అన్నాడు. ఏటా ఒకరోజు కూలీలందర్నీ పిలిచి వాడి పేరున అన్నం పెట్టేవాడు. ఆ పని ఇప్పుడు నేను చేస్తున్నాను.”

ఆవిడ చేతిలో పాత నోటుపుస్తకం ఉంది. అందులో బిషన్ సింగ్ పంజాబీ రాసే గురుముఖి లిపిలో రాసుకున్న ఒకే ఒక పేజీని ఇన్నేళ్ళూ ఆవిడ చదవలేకపోయింది. దీదీ చదివింది. ఎలేనాకి ఇంగ్లీషులో చెప్పింది. ఆ పేజీలో ఉన్నదల్లా ఒకటే. నా పేరుతో పోయినవాడు మెహర్ సింగ్, మా వాళ్ళెవరైనా ఎప్పుడైనా వస్తే గురువు ఎదుట అతని పేరు చెప్పించండి.

మేనత్త వరసయ్యే ఆ ముసలావిడని దీదీ “భూఆ” అంటూ వాటేసుకుంది. పంజాబీలో మేనత్తని అలాగే పిలుస్తారు. ఎలేనాకి ఆ మాట తెలియదు, అడిగి తెలుసుకుని నాలుగుసార్లు పలికి చూసుకుంది. నేను బయటికి వెళ్ళి పీచ్ చెట్ల మధ్య కాసేపు తిరిగాను. ఒక పుస్తకంలో చదివి ఉంటే నమ్మేదాన్ని కాదు.

సాయంత్రం ఆరింటికి దీదీ జలంధర్ దగ్గర ఊళ్ళో ఉన్న తమ్ముడు బల్విందర్‌కి వీడియో కాల్ చేసింది. అక్కడ ఆదివారం పొద్దున్న ఆరున్నర. ఉత్సవ కమిటీకి అతనే అధ్యక్షుడు. దీదీ జరిగిందంతా చెప్పింది. తర్వాత, “అక్కా, ఇది ఎవరికీ చెప్పకు” అన్నాడు. “వచ్చే నెల పంచాయితీ ఎన్నికలు. ప్రతి పార్టీ లీడరూ ఆ పటానికి దండ వేసి పోతాడు. మన ఇంటి పేరే అమరవీరుడి ఇల్లు. మా పెద్దతాత బతికే ఉన్నాడు, అమెరికాలో టోపీ పెట్టుకుని పీచ్ పళ్ళు పండించాడు అని ఏ మొహంతో చెప్పను?”

“ఉరి తీసింది నిజం బల్లీ. మనిషి పేరే వేరు.”

“పేరే కదక్కా అంతా!” అని పెట్టేశాడు.

ఎలేనాకి ఆ పంజాబీ అర్థం కాలేదు గానీ స్వరం అర్థమైంది. “నేనేమీ అడగట్లేదు, చెప్పాలనుకున్నాను, చెప్పాను” అని లేచి గిన్నెలు కడగడానికి వెళ్ళింది. దీదీ వెనకే వెళ్ళి తువ్వాలు అందుకుని తుడవసాగింది.

ఆదివారం గడియారాలు గంట వెనక్కి జరిగే రోజు, అందరం ముందే లేచాం. ఎనిమిదిన్నరకల్లా గురుద్వారాకి చేరాం. అప్పటికే మైదానం నిండిపోయింది. కొత్తగా వెళ్ళేవాళ్ళకి చెబుతున్నాను, తలకి గుడ్డ తీసుకెళ్ళండి, లేకపోతే అక్కడే ఇస్తారు. విప్పడానికి వీలైన చెప్పులు వేసుకోండి. ఎలేనాని చక్రాల కుర్చీలో కూర్చోబెట్టి లోపలికి తీసుకెళ్ళాం.

అర్దాస్ అంటే అందరూ నిలబడి చేసే ప్రార్థన. ఎవరి పేరైనా చెప్పించాలంటే చీటీ రాసివ్వాలి. దీదీ పెన్ను తీసి చీటీ ముందు నిలబడిపోయింది. ఏం రాయాలో చెప్పడానికి నేనెవర్ని? అది నా ఇల్లు కాదు, నా ఊరు కాదు. ఆమె నావైపు చూసి, “బల్లీకి కోపం వస్తుంది. ఉండనీ” అని రెండు పేర్లు రాసి ఇచ్చింది. పైన మెహర్ సింగ్, కింద బిషన్ సింగ్.

మైకులో ఆ పేర్లు వినబడ్డప్పుడు నేను ఎలేనా కుర్చీ పట్టుకుని నిలబడి ఉన్నాను. ఆవిడ ఒక చేత్తో కర్ర, ఒక చేత్తో నన్నూ పట్టుకుని పైకి లేచింది. చుట్టూ వేలమంది “వాహెగురు” అన్నారు. వాళ్ళలో ఎవరికీ మెహర్ సింగ్ ఎవరో తెలియదు. దీదీ ఫోన్‌లో రికార్డు చేసింది. బయటికొచ్చి అది తమ్ముడికి పంపింది. ఒక్క మాట కూడా రాయలేదు.

పదకొండుకి ఊరేగింపు కదిలింది. ఇక ఆ సందడి చెప్పడానికి నా తెలుగు చాలదు! పూలతో కట్టిన బండిలో గురు గ్రంథ సాహిబ్, ముందు నీళ్ళు చల్లుతూ రోడ్డు ఊడ్చేవాళ్ళు, కత్తులు తిప్పే ఆడపిల్లలు, డోళ్ళు. దారి పొడుగునా ట్రాక్టర్ ట్రాలీల్లోంచి పకోడీలు, జిలేబీలు, పిజ్జా ముక్కలు, కొబ్బరి నీళ్ళు చేతిలో పెట్టేస్తున్నారు. వద్దంటే బాధపడతారు. నా పులిహోర డబ్బా సంగతి ఇక చెప్పక్కర్లేదు. ఎన్నికల్లో నిలబడ్డ తెల్ల అభ్యర్థులు తలకి కాషాయం రుమాళ్ళు కట్టుకుని చేతులు జోడిస్తున్నారు. కొన్ని బండ్ల మీద ఎనభై నాలుగు నాటి సిక్కుల ఊచకోత ఫోటోలు, నినాదాలు ఉన్నాయి. అక్కడ దీదీ నడక ఆపి తల వంచుకుని కాసేపు నిలబడింది. ఆ ఏడాది తను ఢిల్లీలో నర్సింగు చదువుతుండేదని మాత్రం చెప్పింది.

జిలేబీల దగ్గర ఒకబ్బాయి నా మాట విని దగ్గరికొచ్చాడు. “అక్కా, తెలుగా మీరు? మాది కరీంనగర్. శాక్రమెంటోల జాబ్ చేస్తున్న, ఫ్రెండ్ పిలిస్తే వచ్చిన. పార్కింగ్ దొరకక గంట తిరిగిన గానీ, ఫుడ్ మాత్రం మస్తుందక్కా!” చేతిలో రెండు పళ్ళేలు బ్యాలెన్స్ చేస్తూ వెళ్ళిపోయాడు.

ఓటర్లని నమోదు చేసే బల్ల దగ్గర తలపాగా కట్టుకున్న ఒక యువతి కూర్చుని ఉంది. కౌంటీ ఆఫీసులో లాయరట. “రిజిస్టర్ చేసుకున్నారా?” అంది. “నేనింకా హెచ్‌వన్‌బీ మీదే ఉన్నానమ్మా. గ్రీన్ కార్డ్ లైన్లో పధ్నాలుగేళ్ళు” అన్నాను. పక్కన కుర్చీలో ఉన్న ఎలేనా కల్పించుకుంది. “మా నాన్నకి యాభై దాటాక వచ్చింది సిటిజన్‌షిప్. ప్రెసిడెంట్ల పేర్లు బట్టీ పట్టించింది నేనే. లింకన్ దగ్గర ఎప్పుడూ ఆగిపోయేవాడు. మొదటి ఓటు వేసొచ్చిన రోజు ఎవరికి వేశాడో అమ్మకి కూడా చెప్పలేదు!” ఆ అమ్మాయి లేచి ఎలేనా కాళ్ళకి దండం పెట్టింది. నేను ఫారం ఒకటి అడిగి తీసుకున్నాను, మా అన్వితకి. మార్చిలో దానికి పద్దెనిమిది నిండుతాయి.

మూడున్నరకి ఎలేనా మమ్మల్ని మేరీస్‌విల్‌లో దింపింది. దీదీ బొమ్మ పటం ఆవిడకే ఇచ్చేసింది. “మెహర్‌ది కూడా ఫోటో లేదు కదా భూఆ. ఆయనదనుకుని పెట్టుకో” అంది. ఎలేనా పటం గుండెకి ఆనించుకుని, “ఆజా, పుత్తర్. మళ్ళీ ఆజా” అంది.

నాలుగుంపావు బస్సు. కిటికీలోంచి తోటలు వెనక్కి పోతున్నాయి. పొద్దు వాలుతుండగా దీదీ ఫోన్ మోగింది. బల్విందర్. ఆమె నాకూ వినబడాలని స్పీకర్ పెట్టింది. అటునుంచి ముందు కోడికూతలు వినబడ్డాయి.

“అక్కా” అన్నాడు. “పదిసార్లు విన్నాను. నిద్ర పట్టలేదు. మెహర్ సింగ్‌ది ఏ ఊరు?”

“తెలియదు బల్లీ. నోటుపుస్తకంలో లేదు.”

“హోషియార్‌పూర్ వైపు అప్పట్లో అమెరికా వెళ్ళినవాళ్ళ కుటుంబాలున్నాయి. అడుగుతాను. దొరక్కపోతే మన ఊరివాడే. ద్వారం మీద కింద చోటుంది, చెక్కేవాణ్ణి రేపు పిలుస్తున్నాను. ఎన్నికలకి ముందే. ఓట్లు పోతే పోనీ.” మళ్ళీ తనే, “భూఆకి పంజాబీ రాదన్నావు కదా. సత్ శ్రీ అకాల్ అని నమస్కారం చెబితే అర్థమవుతుందా?” అని అడిగాడు.

“అర్థమవుతుంది” అంది దీదీ. ఫోన్ పెట్టేసి ఏడుస్తూ నవ్వింది. వెనక సీటువాళ్ళు ఏమైందని అడిగితే, పేరు పేరునా అందరికీ మొదటినుంచి చెప్పింది. శాక్రమెంటో వచ్చేసరికి సగం బస్సుకి మెహర్ సింగ్ ఎవరో తెలుసు.

నేను ఈ దేశానికి వచ్చి పంతొమ్మిదేళ్ళయింది. ఇక్కడ మనవాళ్ళ చరిత్ర మాతోనే, కంప్యూటర్లతోనే మొదలైందన్నట్టు ఉండేది నాకు. రైల్లో కూర్చున్నాక ఆ మాట దీదీతో అన్నాను. “మాదీ మీదీ ఏముంది పద్మా” అంటూ ఆమె పక్క సీటు ప్రయాణికుడి వైపు తిరిగింది. ఆయన మా చున్నీలు చూసి, ఏదైనా పెళ్ళికి వెళ్ళొస్తున్నారా అని అడుగుతున్నాడు.

“కాదు” అంది దీదీ. “మా మేనత్తని చూసి వస్తున్నాం.”